బంతి నుంచి మంగళం శ్రీను దాకా.. ముద్ర మార్చుకునేదెలా?

సీ లాంగ్వేజ్ ఇంటర్వ్యూల్లో తరచూ వినిపించే చిన్న ప్రశ్న ఒకటుంది. 7ను 2తో భాగిస్తే ఎంత? మూడున్నర అన్నారో, దొరికిపోయినట్టే. రెండూ పూర్ణాంకాలైతే జవాబు 3. మిగిలిన అరను కంప్యూటర్ పారేస్తుంది. అది కూడా కావాలంటే రెండింటిలో ఒకదాన్ని ముందే ఫ్లోట్‌గా 'టైప్‌కాస్ట్' చేయాలి. అప్పుడు 3.5 వస్తుంది.

సినిమా వాళ్లూ టైప్‌కాస్ట్ అనే మాట వాడతారు. అర్థం మాత్రం తిరగేసి ఉంటుంది. ఒకసారి బాగా నవ్వించిన నటుణ్ని ఇక ఎప్పుడూ నవ్వించడానికే పిలిస్తే, ఆయన టైప్‌కాస్ట్ అయిపోయాడంటారు. అక్కడ పోయేది కూడా ఆ అరే! మనిషిలో ఉన్న మిగతా సరుకంతా ఎవరూ చూడరు.

ఇది మీకు తెలియని బాధేం కాదు. భావనపాడు నుంచో సంతబొమ్మాళి నుంచో టెక్కలికి బస్సెక్కి బీటెక్ చదివినవాళ్లు, పలాసలో డిగ్రీ చేసి విశాఖ ఎక్స్‌ప్రెస్‌లో హైదరాబాద్ వెళ్లినవాళ్లు ఈ ముద్రలన్నీ చూసే ఉంటారు. 'కమ్యూనికేషన్ వీక్', 'సపోర్ట్ పనికైతే ఓకే', 'యాస ఎక్కువ'. మొదటి పది నిమిషాల్లో పడే ఈ ముద్ర పదేళ్లు వెంటాడుతుంది. మరి దాన్ని మార్చుకోవడం కుదురుతుందా? మన తెలుగు కమెడియన్ల కెరీర్లు చూస్తే కుదురుతుందనే తేలుతుంది. ఎలా కుదురుతుందో కూడా అక్కడే కనిపిస్తుంది.

విలన్ అవుదామని వచ్చి..

భీమవరం దగ్గరి నుంచి హైదరాబాద్ వచ్చిన సునీల్ కోరిక విలన్ కావాలని. ఆ మాట ఆయనే చాలా ఇంటర్వ్యూల్లో చెప్పారు. కానీ పరిశ్రమ ఆయనలో మొదట చూసింది నవ్వునే. 'నువ్వే కావాలి' (2000)తో గుర్తింపు వచ్చింది. 'నువ్వు నాకు నచ్చావ్' (2001)లో బంతిగా, 'మన్మథుడు' (2002)లో బంక్ శీనుగా ఇంటింటికీ తెలిసిపోయారు. కొన్నేళ్లపాటు సునీల్ లేని తెలుగు సినిమా అరుదు అన్నట్టు నడిచింది.

తర్వాత హీరో అయ్యారు. 'అందాల రాముడు' (2006), రాజమౌళి తీసిన 'మర్యాద రామన్న' (2010) బాగా ఆడాయి. 'పూలరంగడు' (2012) కోసం సిక్స్‌ప్యాక్ కూడా చేశారు. ఆ తర్వాతే కష్టం మొదలైంది. 'కృష్ణాష్టమి', 'జక్కన్న', 'ఉంగరాల రాంబాబు', '2 కంట్రీస్'.. 2016, 2017లలో వచ్చినవి వచ్చినట్టే వెళ్లిపోయాయి. హీరోగా డిమాండు తగ్గింది. ఈలోగా కమెడియన్ కుర్చీలో వేరేవాళ్లు కూర్చున్నారు. రెండు పడవలూ దాటిపోయిన పరిస్థితి అన్నమాట.

మెట్టు దిగితే తలుపు కనిపించింది

2018 అక్టోబరు 11. ఉద్దానంలో ఎవరికీ ఈ తేదీ గుర్తుచేయక్కర్లేదు. తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాస దగ్గర తీరం దాటి జీడి, కొబ్బరి తోటల్ని పడగొట్టిన రోజది. రాష్ట్రంలో మిగతాచోట్ల అదే రోజు 'అరవింద సమేత' విడుదలైంది. అందులో సునీల్ హీరో కాదు. నీలాంబరి అనే సహాయ పాత్ర. పోస్టర్ మధ్యలో ఉన్న మనిషి పక్కకు జరగడానికి ఒప్పుకున్నారు. ఆ సినిమా దర్శకుడు త్రివిక్రమ్, ఒకప్పుడు ఒకే గదిలో కలిసి ఉన్న స్నేహితుడు.

ఇక్కడ ఒక విషయం గమనించండి. పాత స్నేహితుడు ఇచ్చింది దాదాపు పాత పనే. అసలు కోరుకున్న పని ఇంకోచోటి నుంచి రావాల్సి వచ్చింది. 2020 జనవరిలో 'డిస్కో రాజా' వచ్చింది. చివర్లో విలన్ సునీలే అని తేలుతుంది. సినిమా ఆడలేదు, ఆ ప్రయత్నం పెద్దగా ఎవరికీ గుర్తు లేదు. అదే ఏడాది అక్టోబరులో 'కలర్ ఫొటో' నేరుగా ఆహాలో విడుదలైంది. చిన్న బడ్జెట్, దర్శకుడు సందీప్ రాజ్‌కు అదే మొదటి సినిమా. హీరోగా సుహాస్‌కూ అదే మొదటిది. అప్పటిదాకా ఆయన చేసింది షార్ట్ ఫిల్మ్‌లు, హీరో స్నేహితుడి వేషాలు. అందులో హీరోయిన్ అన్న, పోలీసు అధికారి రామరాజుగా సునీల్ కనిపించారు. నవ్వించే మాట ఒక్కటి లేదు, చూస్తుంటే భయమేసింది. ఆ సినిమాకు ఉత్తమ తెలుగు చిత్రంగా జాతీయ అవార్డు కూడా వచ్చింది.

2021 డిసెంబరులో 'పుష్ప' వచ్చింది. ఎర్రచందనం సిండికేట్ నడిపే మంగళం శ్రీనుగా సునీల్‌ను చూసి బంతిని గుర్తుచేసుకున్నవాళ్లు తక్కువే. 2023లో 'మావీరన్', 'జైలర్', 'మార్క్ ఆంటోనీ', 'జపాన్'.. ఒకే ఏడాది నాలుగు తమిళ సినిమాలు. అక్కడివాళ్లకు పాత ముద్రతో పనిలేదు. తాజాగా చేసిన పనే ఆయన పరిచయ పత్రం.

పనికొచ్చింది పాత విద్యే

కమెడియన్ సీరియస్ పాత్రకు వెళ్లాడంటే నేర్చుకున్నదంతా వదిలేశాడని అనుకుంటాం. నిజానికి కామెడీలో అసలు విద్య టైమింగ్. ఎక్కడ ఆగాలి, ఎంతసేపు ఆగాలి, ఎదుటివాడి మాట మీద ముఖం ఎలా పెట్టాలి అన్నదే. పంచ్‌కు ముందు వచ్చే ఆ నిశ్శబ్దాన్ని ఇంకో రెండు క్షణాలు లాగితే అదే బెదిరింపు అవుతుంది. పనిముట్టు అదే, పని వేరు.

అల్లరి నరేష్‌నే చూడండి. వరస కామెడీ సినిమాల మధ్యలోనే 'గమ్యం' (2008)లో గాలి శీనుగా సహాయ పాత్ర చేశారు. నవ్విస్తూనే చివరికి ఏడిపించారు, నంది అవార్డు అందుకున్నారు. 2021లో 'నాంది'లో చేయని నేరానికి జైల్లో మగ్గే కుర్రాడిగా చేసేనాటికి ప్రేక్షకులు ఆ నరేష్‌ను కొంత చూసి ఉన్నారు. 'పెళ్లిచూపులు' (2016)లో తెలంగాణ యాసతో హాలంతా నవ్వించిన ప్రియదర్శి, మూడేళ్లకు అదే యాసతో ఆసు యంత్రం కనిపెట్టిన చింతకింది మల్లేశం పాత్ర చేశారు. 2023లో 'బలగం'లో అప్పులపాలైన సాయిలు అయ్యారు. ఆ సినిమా తీసిన వేణు యెల్దండి కూడా కమెడియనే. యాస మారలేదు, అది చెప్పే కథ మారింది.

తకేషీ కోట గుర్తుందా?

చిన్నప్పుడు టీవీలో 'తకేషీస్ క్యాజిల్' చూసి పడిపడి నవ్వినవాళ్లేగా మీరంతా! ఆ కోట దొర తకేషీ కిటానో జపాన్‌లో పేరున్న హాస్యనటుడు. 1983లో 'మెర్రీ క్రిస్మస్ మిస్టర్ లారెన్స్' అనే యుద్ధం సినిమాలో కఠినమైన సార్జెంటు వేషం వేశారు. జనం ఎలా చూస్తున్నారో తెలుసుకుందామని థియేటర్‌కు వెళ్తే, తెర మీద తను కనిపించగానే హాలంతా నవ్వేసిందని ఆయనే చెప్పుకొచ్చారు. అందులో నవ్వాల్సిందేమీ లేదు. జనం నవ్వింది పాత్రను చూసి కాదు, ముద్రను చూసి.

ఆ తర్వాత ఏళ్ల తరబడి ఆయన వెండితెర మీద కరుకు పాత్రలే ఎంచుకున్నారు. అలాగని టీవీ కామెడీ మానేయలేదు. కోట ఆట నడిచింది కూడా 1986 నుంచి 1990 వరకే. 1997లో ఆయన తీసి, నటించిన 'హనా-బి' వెనిస్ చిత్రోత్సవంలో గోల్డెన్ లయన్ గెలిచింది. మొదటి నవ్వుకూ ఈ గెలుపుకూ మధ్య పద్నాలుగేళ్లు.

మన యాసకూ పాత్ర మారింది

ఇక మన సంగతి. తెలుగు సినిమాలో సిక్కోలు యాస అంటే చాలాకాలం పనివాళ్లకో, అమాయకుడికో పెట్టిన మాట. హాల్లో నవ్వు రావాలంటే 'ఏటి' అంటే చాలనుకున్నారు. 2020 మార్చిలో కరుణ కుమార్ తీసిన 'పలాస 1978' వచ్చింది. జానపద కళాకారుల ఇంట్లో పుట్టిన అన్నదమ్ముల కోపం, కులం, షావుకార్ల పెత్తనం మన యాసలోనే చెప్పింది. గాయకుడిగా, సంగీత దర్శకుడిగా తెలిసిన రఘు కుంచె అందులో ప్రతినాయకుడు కావడం ఇంకో విశేషం. 2025 ఫిబ్రవరిలో 'తండేల్' వచ్చింది. గుజరాత్ బోట్లలో వేటకు వెళ్లి 2018లో పాకిస్థాన్‌కు పట్టుబడిన మన జిల్లా మత్స్యకారుల కథకు ఈ యాస హీరో నోట పలికింది. అదే 'ఏటి', కానీ ఈసారి ఎవరూ నవ్వలేదు.

మీరేం చేయొచ్చంటే..

మీ 'కలర్ ఫొటో' ఒకటి చేయండి: ముద్ర మాటలతో పోదు, ఎదురుగా పనొకటి కనిపించాలి. పెద్దది అక్కర్లేదు. పలాస జీడిపప్పు గ్రేడ్లు మీకు తెలుసు కదా. డబ్ల్యూ 240, డబ్ల్యూ 320 అంటే పౌనుకు ఎన్ని పలుకులు తూగుతాయన్న లెక్క. ఫోన్ ఫొటోతో ఆ గ్రేడ్ పట్టే ప్రోగ్రాం రాయండి. లేదా ఏప్రిల్ 15 నుంచి జూన్ 14 దాకా ఉండే వేట నిషేధానికి ముందూ తర్వాతా రేవులో చేపల ధరలు సేకరించి గ్రాఫు వేయండి. హైదరాబాద్‌లోని ఇన్‌కాయిస్ ఇచ్చే అలల హెచ్చరికల్ని మన యాసలో వినిపించే యాప్ చేసినా సరే. ఇంటర్నెట్‌లో వందమంది చేసిన ప్రాజెక్టు కంటే ఇది మిమ్మల్ని వేరుగా నిలబెడుతుంది.

పాత విద్యకు కొత్త పేరు పెట్టండి: నాన్నతో రేవుకెళ్లి వేలంలో చేపల లెక్క రాసిన అమ్మాయికి బేరం తెలుసు, నోటిలెక్క వచ్చు, ఒత్తిడిలో పనిచేయడం వచ్చు. 'హాబీలు' అన్న చోట సినిమాలు చూడటం అని రాసి ఇది వదిలేస్తే, పారేసిన అర అదే.

కొత్తవాళ్లను అడగండి: మిమ్మల్ని ఎరిగినవాళ్లు ఎరిగిన పనే ఇస్తారు. సునీల్‌కు పూర్తిస్థాయి విలన్ వేషం ఇచ్చింది మొదటి సినిమా తీస్తున్న కుర్రాడు. చిన్న కంపెనీలు, కొత్త టీమ్‌లు, ఇంటర్న్‌షిప్‌లు మీ పాత మార్కుల కంటే ఈ నెల చేసిన పనిని ఎక్కువ చూస్తాయి.

ఉన్న పని వదిలి దూకకండి: నెల తిరిగేసరికి ఇంటికి డబ్బు పంపాల్సినవాళ్లు చాలామందే ఉంటారు. కిటానో టీవీ మానలేదు, నరేష్ కామెడీ మానలేదు. సపోర్ట్ ఉద్యోగంలోనే ఉండి, అదే కంపెనీలో టెస్టింగ్‌కో డేటాకో మారే దారి ఉందేమో ముందు అడగండి. జీతం కొంత తగ్గినా పర్లేదనుకుంటే, ఎన్ని నెలలు తట్టుకోగలరో ఇంట్లో కూర్చుని లెక్క వేసుకున్నాకే అడుగు వేయండి.

మొదటి నవ్వుకు జడవకండి: మీరు మాట్లాడుతుంటే ఎవరో నవ్వుతారు. నవ్వింది మీ పనిని చూసి కాదు, ముద్రను చూసి. ఇంగ్లిష్ సాధన చేయండి, అది ఉద్యోగానికి కావాలి. యాసను చూసి మాత్రం సిగ్గుపడొద్దు. ఇంటర్వ్యూ గదిలో రెండూ ఇమిడిపోతాయి.

క్యాంపస్ డ్రైవ్‌లో మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒకటే. మీ గురించి చెప్పండి. ఊరు, కాలేజీ, పర్సెంటేజీతో మొదలుపెడితే ముద్ర మీరే చేతికిచ్చినట్టు. మీరు చేసిన పనితో మొదలుపెట్టండి. ఊరి పేరు ఆ తర్వాత, గట్టిగా చెప్పండి.