అరచేతి తెర నలుగురి ఎదుటికి

సత్యవేడు ప్రాంతమున నెలకొన్న శ్రీసిటీలో షియోమీ సంస్థకై ఫాక్స్‌కాన్ వారు 2015లో స్మార్ట్‌ఫోనుల కూర్పు చేపట్టిన నాడు ఆ సీమ చిత్తూరు జిల్లాలోనిది. 2022 ఏప్రిల్ 4 నుండి అది తిరుపతి జిల్లాలోనిది. ఫోనులు పుట్టు ఈ నేలపై ఫోను లేని ఇల్లు అరుదైనను, దాని తెరను లాప్‌టాప్‌పై చూపు సులభోపాయము నెరిగినవారు మాత్రము కొలదిమందియే.

దీని ప్రయోజనమెట్టిదో చూడుడు. శ్రీకాళహస్తిలో కలంకారీ నేర్పు గురువు చుట్టును శిష్యులు కూర్చుండిరనుకొందము. కరక్కాయపొడి కలిపిన పాలలో ముంచి ఆరవేసిన గుడ్డపై, ఇనుము, బెల్లము ఊరిన నల్లని ద్రవముతో వెదురుకలము గీయు సన్నగీత ప్రక్కనున్న ఇరువురికే కానవచ్చును. వెనుకవారికి గురువుగారి మోచేయి తప్ప వేరేమియు కనబడదు. గుడ్డకు పైగా స్టాండునకు ఫోను బిగించి, కెమెరా తెరచి, ఆ దృశ్యమును లాప్‌టాప్‌పై ప్రతిబింబింపజేసినచో, కలమెచట నొక్కినదో, ఎచట తేలినదో కడపటి వరుసలోని బాలునికి సైతము విస్పష్టమగును.

ఫోను తన తెరపై మారుచున్న దృశ్యమును వెంటవెంటనే వీడియోగా కుదించి వైఫై ద్వారా పంపగా, లాప్‌టాప్ దానిని విప్పి చూపును. అందువలననే రెంటి నడుమ లిప్తమాత్రపు జాగు కలుగును. వైఫై అలయన్స్ 2012లో వెలయించిన మిరాకాస్ట్ పద్ధతిలో ఈ రెండును నేరుగా కలిసికొనును గనుక ఇంటర్నెట్టు లేని పల్లెలోనైనను, డేటా ఖర్చుకాకుండ పని సాగును.

విండోస్ లాప్‌టాప్‌లో ‘ఆప్షనల్ ఫీచర్స్’ నుండి ‘వైర్‌లెస్ డిస్‌ప్లే’ చేర్చుకొని, సెట్టింగ్స్‌లోని ‘ప్రొజెక్టింగ్ టు దిస్ పీసీ’ యందు అనుమతి నీయవలెను. పిమ్మట ఫోనులో ‘కాస్ట్’ గాని, శామ్‌సంగ్ అయినచో ‘స్మార్ట్ వ్యూ’ గాని తాకి, లాప్‌టాప్ పేరు నెన్నుకొనవలెను. ఐఫోనులకును, గూగుల్ పిక్సెల్ ఫోనులకును మిరాకాస్ట్ లేదు. ఐఫోను తెరను ఎయిర్‌ప్లే ద్వారా కొత్త మాక్‌బుక్‌లపై చూడవచ్చును. వైఫై కుదరని ఆండ్రాయిడ్ ఫోనునకు యూఎస్‌బీ తీగ యున్నది: ఫోను సెట్టింగ్స్‌లోని ‘బిల్డ్ నంబరు’ను ఏడుమార్లు తాకి, వెలువడిన ‘డెవలపర్ ఆప్షన్స్’లో ‘యూఎస్‌బీ డీబగ్గింగ్’ ఆన్ చేసి, జెనీమొబైల్ వారు 2018లో ఉచితముగా నొసగిన ‘ఎస్‌సీఆర్‌సీపీవై’ అను సాఫ్ట్‌వేరుతో లాప్‌టాప్‌పై తెరను చూచుటయే గాక, మౌసుతో ఫోనును నడపవచ్చును కూడ. పని ముగిసిన వెంటనే ఆ డీబగ్గింగ్‌ను ఆపివేయుట క్షేమము.

చూపుచున్నంతసేపును ఆంతరంగిక సందేశములు, బ్యాంకు ఓటీపీలు కూడ నలుగురి కంటబడవచ్చును. కావున ముందుగా నోటిఫికేషన్లు నిలుపవలెను. ముక్కుమొగము తెలియనివారు ఫోనుచేసి తెర చూపుమని కోరినచో ఎంతమాత్రమును సమ్మతింపరాదు. మోసపోయి సొమ్ము పోగొట్టుకొన్నవారు తక్షణమే 1930 నంబరునకు తెలుపవలెను.

ఈ జాగ్రత్తలు పాటించిన యెడల ఇంతటి మేలు నయాపైస వ్యయము లేక సిద్ధించును. ఫోనును, లాప్‌టాపును ఇంటనున్న ఉపాధ్యాయులును, చేతిపని నేర్పు పెద్దలును దీనిని నేడే ప్రయత్నించి, తమ విద్యను వెనుక వరుసలోని పిల్లలకును అందింతురు గాక.