మీకు తెలుసా? కొడుకు మొదలుపెట్టిన సినిమాను తండ్రి పూర్తిచేశారు

విజయనగరంలో 1939 ఏప్రిల్ 14న పుట్టిన గొల్లపూడి మారుతీరావు తెరమీదికి వచ్చేసరికి నలభై దాటాయి. ఆంధ్రప్రభలో ఉపసంపాదకుడు, ఆకాశవాణి ఉద్యోగి, నాటక రచయిత, 'డాక్టర్ చక్రవర్తి' (1964)తో సినీ రచయిత: అప్పటికే ఇన్ని జీవితాలు. దర్శకుడు కోడి రామకృష్ణ 1982లో 'ఇంట్లో రామయ్య వీధిలో కృష్ణయ్య'లో వేషమిచ్చారు. తేనెపూసిన మాటల వెనుక విషం దాచుకునే ఆ సుబ్బారావు పాత్రను చూసి ప్రేక్షకులు నిజంగానే అసహ్యించుకున్నారు. నటుడికి అంతకు మించిన మెప్పు ఉండదు. ఆపైన రెండు వందలకు పైగా సినిమాల్లో నటించారు.

దర్శకుడి కుర్చీ మాత్రం ఆయన కోరుకున్నది కాదు. చిన్నకొడుకు శ్రీనివాస్ తొలిసారి దర్శకత్వం వహిస్తున్న 'ప్రేమ పుస్తకం' చిత్రీకరణలో, 1992 ఆగస్టు 12న, విశాఖ సముద్రం ఆ యువకుణ్ణి మింగేసింది. మిగిలిన సినిమాను తండ్రే పూర్తిచేశారు. కన్నబిడ్డ ఊహించుకున్న దృశ్యాలను తాను తీయాల్సి రావడం ఎంత బరువో తలచుకుంటేనే గుండె పట్టేస్తుంది. 1993లో విడుదలైన ఆ చిత్రంతోనే తమిళ నటుడు అజిత్ తెలుగు తెరకు వచ్చాడు.

కొడుకు పేరిట ఆ కుటుంబం నెలకొల్పిన జాతీయ పురస్కారం ఏటా ఒక కొత్త దర్శకుడికి దక్కేది. 'తారే జమీన్ పర్' తీసిన ఆమిర్ ఖాన్ కూడా దాన్ని అందుకున్నవారే.