మీకు తెలుసా? ఒక్క తెలుగు అక్షరానికి ఐఫోన్ యాప్‌లు మూతపడ్డాయి!

2018 ఫిబ్రవరిలో ‘జ్ఞా’ అనే అక్షరం ఒకానొక రూపంలో మెసేజ్‌లో వస్తే చాలు, ఐఫోన్‌లో వాట్సాప్ మొదలు జీమెయిల్ దాకా చాలా యాప్‌లు టక్కున మూసుకుపోయేవి. మనం రోజూ రాసే జ్ఞానం, జ్ఞాపకాల తప్పేమీ లేదు. ఒత్తుకూ దీర్ఘానికీ నడుమ, కంటికి కనబడని విడదీత గుర్తు దూరిన రూపంతోనే తంటా.

ఇన్ని యాప్‌లూ ఒకే దెబ్బకు ఎందుకు పడ్డాయి? అక్షరాలు పేర్చే పని చాలా యాప్‌లు సొంతంగా చేసుకోవు, ‘కోర్‌టెక్స్ట్’ అనే ఉమ్మడి లైబ్రరీకి అప్పగిస్తాయి. లోపం అందులో ఉంది. రిపేరూ అక్కడే జరిగింది. ఫిబ్రవరి 19న ఐఓఎస్ 11.2.6 అప్‌డేట్ వచ్చింది. యాప్‌లు రాసినవాళ్లు ఒక్క లైను మార్చకుండానే అన్నీ బాగుపడ్డాయి. ఉమ్మడి ఫైళ్ల అసలు బలం ఇదే.

విండోస్‌లో ఇలాంటివే డీఎల్ఎల్ ఫైళ్లు. గద్వాల, వనపర్తి, నాగర్‌కర్నూలు, ఏ ఊరి నెట్ సెంటర్‌లోనైనా ‘ఫలానా డీఎల్ఎల్ లేదు’ అని తెర మీద పడితే, ఆ ఒక్క ఫైలును ఏదో సైటు నుంచి దించుకోకండి. వైరస్‌కు తలుపు తీసినట్టే. ‘ఎంఎస్‌వీసీపీ140’ లాంటి పేరు కనబడితే మైక్రోసాఫ్ట్ సైటు నుంచే విజువల్ సీ ప్లస్‌ప్లస్ ప్యాకేజీ మొత్తం వేసుకోవాలి. విండోస్ సొంత ఫైలు చెడితే, ‘సిస్టమ్ ఫైల్ చెకర్’ నడిపితే సరి. విండోస్ తన దగ్గర దాచుకున్న మంచి కాపీని తెచ్చి ఆ చోట పెడుతుంది.