పగిలింది అద్దమే, ఫొటోలు భద్రం

మేడ మెట్ల మీద చేయి జారిన ఫోను బోర్లా పడింది. తీసి చూస్తే తెరంతా నలుపు, అంచున ఒక పచ్చగీత. ఫోను చేస్తే మాత్రం రింగవుతోంది. మేనకోడలి ఓణీల ఫంక్షన్ ఫొటోలు, అమ్మ దానికి బొట్టు పెట్టి అక్షింతలు వేస్తున్న వీడియో అన్నీ అందులోనే ఉన్నాయి. ఇంకెక్కడా కాపీ లేదు.

డేటా కేబుల్‌తో ఫోన్ని లాప్‌టాప్‌కు కలిపి ఎస్‌సీఆర్‌సీపీవై తెరిచాను. రొమెయిన్ విమోంట్ అనే ప్రోగ్రామర్ 2018లో బయటికి తెచ్చిన ఉచిత సాఫ్ట్‌వేర్ అది. లాక్ పిన్ను కీబోర్డు మీద కొట్టగానే నా ఫోను నిలువునా లాప్‌టాప్ తెర మీదికి వచ్చేసింది. కళ్ళు చెమర్చాయి.

మనం చూసే బొమ్మ అద్దంలో పుట్టదు. ఫోను లోపల తయారై అద్దం మీదికి వస్తుంది. అద్దం పగిలినా లోపల బొమ్మ తయారవుతూనే ఉంటుంది. ఫోనులోని ఎన్‌కోడర్ ఆ బొమ్మను వీడియోగా కుదించి కేబుల్‌లోకి పంపుతుంది. మౌస్ క్లిక్కు అటు వెళ్ళి వేలితో తాకినట్టే పనిచేస్తుంది. ఆలస్యం మామూలుగా 35 నుంచి 70 మిల్లీసెకన్లు, కంటికి ఆనదు.

అయితే ఇదంతా ముందే సిద్ధం చేసుకున్నవాళ్ళకే. సెట్టింగ్స్‌లో బిల్డ్ నంబర్ మీద ఏడుసార్లు తడితే డెవలపర్ ఆప్షన్స్ వస్తాయి. వాటిలో యూఎస్‌బీ డీబగ్గింగ్ ఆన్ చేయాలి. మొదటిసారి కలిపినప్పుడు ఈ కంప్యూటర్‌కు అనుమతి ఇవ్వాలా అని ఫోను తన తెర మీదే అడుగుతుంది. తెర పోయాక ఆ ప్రశ్న కనిపించేదెలా? పైగా ఆండ్రాయిడ్ 11 నుంచి, ఏడు రోజులు కలపకపోతే ఆ అనుమతి దానంతటదే రద్దవుతుంది. రద్దు కాకుండా ఆపే స్విచ్ కూడా డెవలపర్ ఆప్షన్స్‌లోనే ఉంది. నేను రెండు రోజులకోసారి కలుపుతుంటాను కాబట్టి బతికిపోయాను.

కేబుల్ లేకుండా చూపించే దారులూ ఉన్నాయి. విండోస్‌లో వైర్‌లెస్ డిస్‌ప్లే పెట్టుకుంటే మిరాకాస్ట్ ఉన్న ఫోను కలుస్తుంది. ఐఫోనైతే 2021 నాటి మ్యాక్ సాఫ్ట్‌వేర్ మాంటెరీ నుంచి కొత్త మ్యాక్‌లకు ఎయిర్‌ప్లేతో కలుస్తుంది. నా ఓటు మాత్రం కేబుల్‌కే. రెండో కొస ఎవరి లాప్‌టాప్‌లో ఉందో కళ్ళెదుటే కనిపిస్తుంది.

మన తెర ఎవరు చూస్తున్నారో తెలియడం ముఖ్యం. బ్యాంకు కేవైసీ అంటూ ఫోన్ చేసి, ఫలానా యాప్ వేసుకోండి, స్క్రీన్ షేర్ చేయండి అనేవాళ్ళకు మన తెర చూపించామంటే ఓటీపీ చేతిలో పెట్టినట్టే. ఎనీడెస్క్ లాంటి యాప్‌లతో జరుగుతున్న ఇలాంటి మోసాల గురించి రిజర్వ్ బ్యాంక్ 2019లోనే హెచ్చరించింది. చాలా బ్యాంకు యాప్‌లు స్క్రీన్ షేరింగ్‌లో నల్లగా కనిపించడం చెడిపోయి కాదు, ఈ భయంతోనే అలా కట్టారు.

ఆ సాయంత్రం ఫొటోలన్నీ లాప్‌టాప్‌లోకి దింపాను. అమ్మ కళ్ళజోడు తెచ్చుకుని కూర్చుంది. అక్షింతల వీడియో మూడుసార్లు పెట్టించుకుంది.