మాటలేని తెరపై గంగాదేవి

తెలుగువారు నిర్మించిన తొలి మూగచిత్రం 'భీష్మ ప్రతిజ్ఞ'. 1921లో మద్రాసున రఘుపతి వెంకయ్య, ఆయన కుమారుడు ప్రకాశ్ నెలకొల్పిన 'స్టార్ ఆఫ్ ది ఈస్ట్' సంస్థ దీనిని నిర్మించినది. 1869లో మచిలీపట్నంలో జన్మించిన వెంకయ్య, 1910లోనే క్రోనోమెగాఫోను యంత్రం తెప్పించి ఊరూర చిత్రాలు ప్రదర్శించినవారు. ప్రకాశ్ విదేశాలలో ఈ విద్య నేర్చి వచ్చి, చిత్రానికి దర్శకత్వం వహించి, భీష్ముని పాత్ర తానే ధరించినారు. ఇవి పలువురికి తెలిసిన విషయాలే. గంగగా నటించిన పెగ్గీ కాస్టెల్లోను తలచుకొనేవారు మాత్రం అరుదు.

ఆమె ఆంగ్లో-ఇండియన్ వనిత. భారతకథలోని దేవతాస్త్రీ పాత్ర ఆమెకు లభించడానికి కారణాలు రెండు. గృహస్థ కుటుంబాల స్త్రీలు తెరపైకి రావడాన్ని నాటి సంఘం సహించలేదు. 1913లో ఫాల్కే తీసిన 'రాజా హరిశ్చంద్ర'లో తారామతి వేషం సాలుంకే అనే పురుషుడు వేయవలసి వచ్చినది. మద్రాసులో నటరాజ మొదలియార్ కూడా ద్రౌపది పాత్రకు మరియన్ హిల్ అనే ఆంగ్లో-ఇండియన్ యువతినే ఎన్నుకొన్నారు.

రెండవ కారణం చిత్రం మూగది కావడమే. సంభాషణ అక్షరరూపంలో తెరపై కనిపించేది. భావమంతా కన్నులు, చేతులు పలికేవి. నటికి తెలుగు రాకపోయినా లోపం లేదు. పలుభాషలవారు ప్రక్కప్రక్కన పనిచేసే జంషెడ్‌పూరులో నివసించే మావంటి తెలుగువారికి ఇది తేలికగా బోధపడుతుంది: మాట కుదరనిచోట ముఖమే మాట్లాడుతుంది.

1931లో 'ఆలం ఆరా'తో తెర మాట్లాడినది. 'సులోచన'గా ప్రఖ్యాతి గాంచిన రూబీ మయర్స్ సైతం హిందూస్థానీ నేర్చిన పిదపనే టాకీలలో నిలవగలిగినారు. తెలుగు 'భక్త ప్రహ్లాద'కు పద్యం, పాట తెలిసిన సురభి కమలాబాయి కావలసివచ్చినది. ఆ మార్పు మన భాషకు మేలే చేసినది. అయితే మౌనం తెరచిన ద్వారాన్ని వాక్కు మూసివేసినది.

స్వల్పమైన నటజీవితం కీర్తికి అడ్డు కాదు. ఫ్రెంచి నటి ఫాల్కొనెటి 1928లో డ్రయర్ తీసిన జోన్ ఆఫ్ ఆర్క్ చిత్రంలోని ఒక్క పాత్రతోనే చిరస్మరణీయురాలైనారు. ఆ చిత్రపు మూలప్రతి అగ్నికి ఆహుతి అయినది. కాని 1981లో నార్వేలోని ఒక మానసిక చికిత్సాలయంలో మరొక ప్రతి లభించినది. 'భీష్మ ప్రతిజ్ఞ'కు ఆ అదృష్టం కలుగలేదు. నాటి నైట్రేటు ఫిల్ము సులభంగా మండేది; మండనిది కాలక్రమాన శిథిలమయ్యేది. పూనాలో జాతీయ చలనచిత్ర భాండాగారం ఏర్పడినది 1964లో. అప్పటికే మూగచిత్రాలలో అధికభాగం నశించినది.

కావ్యానికి ఒక తాళపత్రం మిగిలినా కవి బ్రతుకుతాడు. చిత్రం పోతే నటి అభినయానికి వేరొక ఆధారం లేదు. మనకు దక్కినది ఆమె పేరు, ధరించిన పాత్ర మాత్రమే. పాత పత్రికలలో, ప్రకటనలలో, ఇండ్ల పెట్టెలలో మిగిలిన ఛాయాచిత్రాలలో ఆ కాలపు జాడలు వెదకడం చరిత్రకారుల పని. తెలుగు చిత్రకథను వ్రాసేవారు కమలాబాయి పేరుకు ముందు కాస్టెల్లో పేరు వ్రాయడం మరువరాదు.