పచ్చిపాలు, అవ్వ దాలి

మా ఊరు సిరిగేరి. ఇంట్లో తెలుగు, వీధిలో కన్నడం. పోయినేడు మా తమ్ముడికి జ్వరం వచ్చేది, తగ్గేది, మళ్లీ వచ్చేది. ఒకటే కీళ్లనొప్పులు. డాక్టరు అడిగిన మొదటి మాట, "పచ్చిపాలు తాగుతావా?" తాగేవాడు. దొడ్లో పితికిన చెంబుతోనే, నురగతో సహా. రక్తపరీక్షలో బ్రూసెల్లా అని తేలింది. జబ్బుపడిన పశువు పాలలోంచి మనిషికి వచ్చే క్రిమి అది.

అప్పుడే పాశ్చరైజేషన్ గురించి చదివాను. 1860లలో లూయీ పాశ్చర్ దీన్ని కనిపెట్టింది పాలకోసం కాదు, ద్రాక్షసారా చెడిపోకుండా ఉండటానికి. పాలు మరగనక్కరలేదు. 63 డిగ్రీల వేడిలో 30 నిమిషాలు, లేదా 72 డిగ్రీల్లో 15 సెకన్లు ఉంటే చాలు. వేడి తగ్గితే సమయం పెరగాలి, అంతే లెక్క. రోగం తెచ్చేవి చస్తాయి గానీ క్రిములన్నీ చావవు. అందుకే ఆ పాలను వెంటనే చల్లార్చి ఫ్రిజ్జులో పెట్టాలి.

మా అవ్వకు ఈ లెక్క తెలీదు. అయినా పిడకల దాలిలో పొద్దున పెట్టిన పాలకుండ మధ్యాహ్నం దాకా సన్నసెగన కాగేది, ఎర్రటి మీగడ కట్టేది. అదే అవ్వ నిమ్మకాయ ఊరగాయకు పొయ్యే అంటించదు. అక్కడ కాపలా ఉప్పూ పులుపూ. తడిగరిటె పెడితే బూజు పడుతుంది. పాలకు ఆ కాపలా లేదు, వేడే దిక్కు.

తమ్ముడు ఆరు వారాలు మాత్రలు మింగాడు. మన ఇళ్లల్లో థర్మామీటరు లేకపోయినా ఫరవాలేదు. ఒక పొంగు రానిచ్చి దించండి, చాలు.