శ్రుతి తప్పించి చేసే వాద్యం

ఇండోనేషియాలోని బాలి ద్వీపంలో ఒక కంచరి రెండు కంచు పలకలు తయారుచేస్తున్నాడనుకోండి. రెండూ ఒకే స్వరం పలకవలసినవి. మొదటి పలకను ఆకురాయితో అరగదీసి, కొట్టి విని, మళ్ళీ అరగదీసి, తనకు కావలసిన స్వరానికి తెస్తాడు. పలక నడుమ పలచబడితే స్వరం దిగుతుంది, కొసలు అరిగితే స్వరం పైకి పోతుంది. రెండో పలకను కూడా సరిగ్గా అదే స్వరానికి తెస్తాడని మనం అనుకుంటాం. అతడు అలా చేయడు. మొదటిదానికంటే అది కాస్త హెచ్చుగా పలికేటట్టు చేసి అక్కడ ఆపేస్తాడు. కావాలనే!

మన ఊళ్ళో భజనలో హార్మోనియం ఒక శ్రుతిలోనూ, పాట ఇంకో శ్రుతిలోనూ సాగితే పెద్దవాళ్ళు మొహం చిట్లిస్తారు. అలాంటప్పుడు ఈ కంచరి పనిని ఏమనాలి? అతడి పలకలను డబ్బిచ్చి కొనుక్కుపోయే ఊరివాళ్ళను ఏమనాలి? వాళ్ళకు సంగీతం తెలియదని తీర్పు చెప్పేముందు, ఆ రెండు పలకలనూ ఒకేసారి కొడితే ఏం జరుగుతుందో చూద్దాం.

ఒక పలక సెకనుకు 200 సార్లు, రెండోది 207 సార్లు కంపిస్తున్నాయనుకోండి. ఒక క్షణంలో రెండూ కలిసి గాలిని నొక్కుతాయి. అప్పుడు ధ్వని పెద్దదవుతుంది. కాని రెండో పలక వేగం ఎక్కువ కదా! అది కొంచెం కొంచెంగా ముందుకుపోయి, మొదటిది గాలిని నొక్కే సమయానికి తాను వదలడం మొదలుపెడుతుంది. అప్పుడు ఒకదాని పనిని మరొకటి చెరిపేస్తుంది, ధ్వని సన్నగిల్లుతుంది. మళ్ళీ కలుస్తాయి, మళ్ళీ విడిపోతాయి. ఇలా సెకనుకు ఎన్నిసార్లు? 207 నుంచి 200 తీసివేయండి: 7 సార్లు. మీ భౌతికశాస్త్రంలో వీటినే విస్పందనాలు అంటారు.

వీటిని వినడానికి ప్రయోగశాల అక్కరలేదు. ఒకే రకం చిన్న గాజు సీసాలు రెండు తీసుకోండి. మీరొకటి, మీ స్నేహితుడొకటి పట్టుకుని, మూతి అంచు మీదుగా ఊది కూతపెట్టించండి. రెండూ ఒకే స్వరం పలుకుతున్నాయని నమ్మకం కుదిరాక ఒక సీసాలో చెంచాడు నీళ్ళు పోసి, మళ్ళీ ఇద్దరూ ఒకేసారి ఊదండి. ధ్వని ఊగుతున్నట్టు వినిపిస్తుంది. ఇంకో చెంచా పోస్తే ఊపు వేగం పెరుగుతుంది. నీళ్ళు పోసేకొద్దీ సీసాలో గాలికి చోటు తగ్గి, స్వరం పైకి పోతుంది. తేడా పెరిగినకొద్దీ విస్పందనాలూ పెరుగుతాయి. (రెండు ఊదులూ సమానంగా ఉండాలి. నవ్వు ఆపుకోవడం ఇందులో కష్టమైన భాగం.)

బాలివాళ్ళు ఈ ఊపును 'ఓంబాక్' అంటారు. ఆ మాటకు కెరటం అని అర్థం. కింది స్వరం పలికే పలకకు 'పెంగుంబాంగ్' అనీ, పై స్వరం పలికేదానికి 'పెంగిసెప్' అనీ వేరువేరు పేర్లే ఉన్నాయి. రెండూ అచ్చంగా ఒకే స్వరం పలికితే అక్కడి శ్రోతకు ఆ ధ్వనిలో ప్రాణం లేనట్టుంటుంది. మనం అపశ్రుతి అన్నది అక్కడ శ్రుతిలో ఒక భాగమన్నమాట.

ఈ పలకలు చేరే వాద్య బృందాన్ని గామెలాన్ అంటారు. వెదురు గొట్టాల మీద వేలాడే కంచు పలకలు, వరుసగా బోర్లించిన కంచు గిన్నెలు, నిలువెత్తు చట్రానికి వేలాడదీసిన పెద్ద జేగంటలు, వీటన్నిటినీ నడిపించే మద్దెలలు. ఒక్కొక్క గొట్టంలోని గాలి పొడవును దాని పైనున్న పలక స్వరానికి సరిపడేట్టు అమరుస్తారు. మీ పాఠంలోని అనునాదం ఇదే. గామెలాన్‌లో వాద్యాలన్నీ ఒకే కుటుంబంలా కలిసి పుడతాయి. ఒక ఊరి గామెలాన్‌లోని వాద్యాన్ని ఎరువు తెచ్చి ఇంకో ఊరి గామెలాన్‌లో కూర్చోబెడితే సాధారణంగా పొసగదు. ఏ గామెలాన్ శ్రుతి దానిదే.

పక్కనే ఉన్న జావా ద్వీపంలోనూ గామెలాన్ ఉంది. మన తోలుబొమ్మలాటలాగే రామాయణ, భారత కథలాడే బొమ్మలాటకు అక్కడ ఈ సంగీతమే తోడు. బాలిలోని జంట పలకల పద్ధతికి జావాలో అంత ప్రాముఖ్యం లేదు. అయినా అక్కడి స్వరాలూ మన చెవికి కొత్తగానే ఉంటాయి. కారణం వేరు. జావా స్వరశ్రేణుల్లో ముఖ్యమైనవి రెండు: ఐదు స్వరాల స్లెంద్రో, ఏడు స్వరాల పెలోగ్.

ఐదు స్వరాలనగానే మీకు మోహన రాగం గుర్తుకొచ్చి ఉంటుంది. పోల్చి చూద్దాం. షడ్జం నుంచి పై షడ్జం దాకా ఉన్న దూరాన్ని 1200 సెంట్లుగా లెక్కిస్తారు. హార్మోనియం మీద ఒక మెట్టుకూ, దాన్ని ఆనుకుని ఉన్న మెట్టుకూ మధ్య 100 సెంట్లు. మోహనం స్వరాలు 0, 200, 400, 700, 900 దగ్గర పడతాయి. స్లెంద్రోలో ఆ దూరాన్ని ఇంచుమించు ఐదు సమాన భాగాలు చేస్తారు. 1200ను 5తో భాగిస్తే 240. కనుక స్వరాలు 0, 240, 480, 720, 960 దగ్గర పడతాయి. గామెలాన్‌ను బట్టి ఈ అంకెలు అటూ ఇటూ అవుతాయి. 240 ఏ మెట్టు మీదా లేదు, 960 కూడా లేదు. మన చెవి వాటిని తనకు తెలిసిన మెట్ల మీదికి లాగాలని చూసి, కుదరక, తప్పు అంటుంది.

ఈ సెంట్ల కొలతను ప్రచారంలోకి తెచ్చినవాడు అలెగ్జాండర్ ఎల్లిస్ అనే ఇంగ్లీషు పండితుడు. 1882లో జావా వాద్యకారులు లండన్ వచ్చినప్పుడు వారి వాద్యాలను కొలిచాడు. వివిధ జాతుల స్వరశ్రేణుల మీద 1885లో ఆయన ప్రకటించిన వ్యాసం ఈనాటికీ పేరున్నదే. తమాషా ఏమిటంటే, ఎల్లిస్‌కు స్వరజ్ఞానం లేదు. స్వరాల హెచ్చుతగ్గులు గుర్తించడానికి హిప్కిన్స్ అనే మిత్రుడి చెవుల మీద ఆధారపడేవాడు. శ్రుతిదండాలతో పోల్చి విస్పందనాలను లెక్కపెట్టడమే వారి కొలిచే పద్ధతి. ప్రకృతి మనుషులందరికీ ఒకే స్వరశ్రేణిని ఇవ్వలేదని ఆ కొలతల్లో తేలింది. తన చెవిని నమ్ముకోలేనివాడికి ఆ సంగతి దొరకడం నాకు వింతగా అనిపించదు. ఏది సరైన శ్రుతి అన్న పట్టుదల అతడికి తక్కువ కదా!

మరి ఆ పట్టుదల మనకు పుట్టుకతో వచ్చిందా? 1990లో అమెరికా పరిశోధకులు కొందరు ఆరు నెలల పసిపిల్లలకు పాశ్చాత్య స్వరశ్రేణినీ, జావా పెలోగ్‌నూ వినిపించారు. మధ్యమధ్య ఒక స్వరాన్ని కొద్దిగా తప్పించారు. తేడాను కనిపెట్టి తల తిప్పిన బిడ్డకు ఒక ఆటబొమ్మ ఆడి చూపించేది. పిల్లలు రెండింటిలోనూ తప్పును సమానంగా పట్టుకున్నారు. అక్కడి పెద్దవాళ్ళు మాత్రం తమ స్వరశ్రేణిలో బాగా పట్టుకుని, పెలోగ్‌లో వెనకబడ్డారు. పాపాయికి రెండూ కొత్తే, పెద్దలకు ఒకటి అలవాటైపోయింది.

మన దేశంలోనూ ఇలాంటి తగాదా ఒకటి నడిచింది. హార్మోనియం మెట్లు మన రాగాల సూక్ష్మ శ్రుతులను పలకలేవని 1940లో ఆలిండియా రేడియో ఆ వాద్యాన్ని నిషేధించింది. 1971లో గాని ఆ నిషేధం సడలలేదు. ఇటు తెలుగు పద్యనాటకాలు హార్మోనియం లేనిదే తెర ఎత్తేవి కావు! ఒకరి చెవికి అపశ్రుతి అయినది మరొకరికి రంగస్థలానికి ప్రాణం.

గామెలాన్‌ను మొదటిసారి వింటే గంటల గలగల తప్ప ఏమీ తెలియకపోవచ్చు. ఎక్కడ చెవి పెట్టాలో తెలిస్తే దారి దొరుకుతుంది. బాలి సంగీతంలో మీరు విన్న అతివేగపు వరుసను ఒక్కడే వాయించి ఉండడు. ఒకే రోట్లో ఇద్దరు ఆడవాళ్ళు రెండు రోకళ్ళు మార్చి మార్చి వేసినట్టు, ఒకరు వదిలిన సందులో రెండోవారు దెబ్బ వేస్తారు. రెండూ కలిసి ఒక్క వరుసై వినిపిస్తాయి.

జావా సంగీతం నెమ్మది. అందులో పెద్ద జేగంట కోసం కాచుకోండి. మన తాళంలో ఆవర్తం మొదట సమం మీద బరువుంటుంది. వాళ్ళకు ఆ బరువు ఆవర్తం చివర, జేగంట మోగినచోట ఉంటుంది. మొదలుపెట్టడానికి 'పుష్పవర్ణ' అనే రచన మంచిది. పువ్వుల గురించిన ఆ పాట స్లెంద్రోలోనే ఉంది. 1977లో వాయేజర్ నౌకలతో అంతరిక్షంలోకి పంపిన బంగారుపూత రికార్డులో, కేసర్‌బాయి కేర్కర్ పాటతోపాటు దానికీ చోటిచ్చారు. రెండు పెద్ద జేగంటల నడుమ అసలు వరుసలో 16 దెబ్బలుంటాయి. మొదటిసారి లెక్క తప్పుతుంది, మళ్ళీ మొదటినుంచి పెట్టండి.